తేటనీళ్ళ తొట్టి

చెరువును చంపింది బావమరిది. ఈ విషయంలో ముల్లుకు రెండో ఆలోచన లేదు. వానలు తగ్గడం కాదు, ఎండలు ముదరడం కాదు, కాలం మారడం అంతకన్నా కాదు. భార్య తోడబుట్టినవాడు, లాండ్రీ పెట్టుకుని బాగుపడ్డవాడు, ఎదురుపడితే "బాగున్నావా బావా" అని పళ్ళన్నీ కనబడేలా నవ్వేవాడు, వాడే చంపాడు.

ముల్లు అన్నది అతని అసలు పేరు కాదు. చేపలు పట్టి బతుకుతాడు కాబట్టి వచ్చిన పేరూ కాదు. ఒకసారి గొంతులో దిగాడంటే మింగుడుపడడు, బయటికీ రాడు. అందుకని వీధివాళ్ళు పెట్టారు. భార్య ఉన్న రోజుల్లో ఆ పేరు చెవిన పడితే ఆవిడ పడీపడీ నవ్వేది. ఆవిడ పోయి మూడేళ్ళయింది. కూతురుంది గానీ, పొద్దున్నే మేనమామ లాండ్రీకి పోతే పొద్దుగూకాక గానీ రాదు. వచ్చాక నవ్వే ఓపిక ఉండదు.

ఆ చెరువు ఒకప్పుడు ఎలా ఉండేదో చెబితే ఇప్పుడు చూసేవాళ్ళు నమ్మరు. పడవ అంచు మీదుగా వంగి చూస్తే, వలకు కట్టిన సీసపు గుండ్లు అడుగున ఎక్కడ కూర్చున్నాయో కనబడేది. ఇప్పుడు చెయ్యి ముంచితే మణికట్టు కనబడదు. వేసవి వచ్చేసరికి ఎవరో ఆకుపచ్చ రంగు డబ్బాలు ఒలకబోసినట్టు నీటి మీద పాచి తెట్టు కడుతుంది. అది కుళ్ళిన రోజుల్లో చేపలు తెల్లవారుజామున నోళ్ళు పైకెత్తి గాలి కోసం కొట్టుకుంటాయి. ఎండెక్కేసరికి పొట్టలు తిరగేసి ఒడ్డుకు చేరతాయి. వల వెయ్యకుండా చేతికొచ్చిన ఆ చేపల్ని ముల్లు ఒక్కదాన్ని కూడా అమ్మలేదు. గొయ్యి తీసి పూడ్చాడు.

జనం మాత్రం ఇంకోలా అనుకున్నారు. వాళ్ళ లెక్కంతా నురగతో ఉండేది. లాండ్రీ చిన్నదిగా ఉన్నప్పుడు, సబ్బుతో ఉతికే కాలంలో, వీధి కాలువ నిండా నురగ పారేది. గాలి వీస్తే ఎగిరొచ్చి కిటికీ చువ్వలకు అంటుకునేది. తలుపు ముందు నురగ పేరుకుందని బావమరిదితో తగువు పెట్టుకోని ఇల్లు లేదు. తన అక్క, ముల్లు భార్య, పోయాక అతను పెద్ద మెషిన్లు దించాడు. వాటితోపాటు మూటల కొద్దీ కొత్త పొడి దించాడు. నురగ మాయమైంది. కాలువలో నీళ్ళు బిందెలో నీళ్ళలా పారాయి. వీధంతా బావమరిదిని మెచ్చుకుంది. "చూశారా, మీ మాట తీసెయ్యలేదు నేను," అని అతను ఛాతీ విరుచుకుని తిరిగాడు.

మరుసటి వేసవికి చెరువు పచ్చబడింది. ఆ పచ్చదనం మొదట కాలువ కలిసే మూలలో పుట్టింది. అక్కణ్ణించి ఒడ్డు పట్టుకుని పాకింది. అది పుట్టడం చూసినవాడు ముల్లు ఒక్కడే, ఎందుకంటే ఆ మూలనే అతను పడవ కట్టేస్తాడు.

"ఆ కాలువే," అన్నాడు పడవలు బాగుచేసే వడ్రంగితో.

వడ్రంగి చేతిలో ఉలి ఆపలేదు. "నురగున్నప్పుడు బాగున్న చెరువు నురగ పోయాక పాడైందంటావు. రేపు ఎవరైనా స్నానం చేస్తే ఒంటికి మురికి పట్టిందంటావేమో."

"నా కళ్ళతో చూశాను."

"నీ కళ్ళకు నీ బావమరిది తప్ప ఇంకేం కనబడుతుందయ్యా?"

ముల్లు మాట పెంచలేదు. వాదించి గెలవడం అతనికి చేతకాదు. పట్టుకుని వదలకపోవడం ఒక్కటే వచ్చు.

చెరువు పచ్చబడ్డ రెండేళ్ళకు నీళ్ళ పరీక్షలావిడ వచ్చింది. సర్కారు మనిషి, భుజాన సీసాల పెట్టె. చెరువు మధ్యకు తీసుకుపోవడానికి పడవ కావాలంది. ముల్లు తీసుకుపోయాడు. ఆవిడ ఒకచోట సీసా ముంచబోతే, "ఇక్కడ కాదమ్మా, ముందు కాలువ మూల చూడు," అని పడవ తిప్పేశాడు. ఆవిడ విసుక్కుంది. మధ్యలోనూ పట్టింది, మూలలోనూ పట్టింది. కొన్నాళ్ళకు తనంతట తానే వెతుక్కుంటూ ఒడ్డుకు వచ్చింది.

"బాబాయ్, మీ అనుమానం నిజమే. కాలువ నీళ్ళలో ఫాస్ఫేటు చాలా ఉంది."

"విషమా?"

"విషం కాదు. అదే చిక్కు. అది ఎరువు. పైరుకు వేస్తే పైరు పెరుగుతుంది, చెరువులో పడితే పాచి పెరుగుతుంది. ఆ పాచి చచ్చి కుళ్ళేటప్పుడు నీళ్ళలో ఉన్న గాలంతా అదే తాగేస్తుంది. చేపలకు మిగలదు."

"నురగ లేదుగా మరి?"

"ఫాస్ఫేటుకు నురగ రాదు బాబాయ్. నురగ కంటికి కనబడే గొడవ, ఇది కనబడని గొడవ. చాలాచోట్ల పొలాల నుంచీ మరుగుదొడ్ల నుంచీ కూడా ఇది వచ్చిపడుతుంది. మీ చెరువుకు అవేవీ లేవు. ఈ కాలువ ఒక్కటే, దాని మీద ఆ లాండ్రీ ఒక్కటే."

"అయితే మూయించు."

ఆవిడ తల అడ్డంగా ఊపింది. ఆ ఫాస్ఫేటు లాండ్రీ పొడిలోదేనట, కానీ ఆ పొడి వాడకూడదన్న నియమం ఇంకా రాలేదట. రాసి పంపుతుందట, వచ్చేటప్పటికి వస్తుందట. "ఈలోగా ఆయనే మానుకుంటే మంచిది. అది లేకుండా కూడా బట్టలు తెల్లగా వస్తాయని ఎవరైనా చూపిస్తే మానుకుంటాడేమో."

ముల్లు తెడ్డు పడవలో పడేసి నేరుగా లాండ్రీకి నడిచాడు. పెళ్ళయి ఇన్నేళ్ళలో ఆ గడప తొక్కడం అదే మొదలు. భార్య అక్కడ పనిచేసినన్నాళ్ళూ అతను వీధి మలుపులో నిలబడి కేక వేసేవాడే తప్ప లోపలికి పోలేదు. బావమరిది నీడన నిలబడ్డట్టు ఉంటుందని.

లోపల ఆవిరి. గుండ్రటి గాజు తలుపుల వెనక దుప్పట్లు ఒకదాన్నొకటి తరుముకుంటూ తిరుగుతున్నాయి. పొడవాటి బల్లకు అటొకరు ఇటొకరు నిలబడి ఆడవాళ్ళు దుప్పటి కొసలు పట్టి లాగుతున్నారు. కూతురు మెషిను దగ్గర మీట మీద చెయ్యేసి, తండ్రిని చూసి ఆ చెయ్యి అక్కడే మరిచిపోయింది.

"నాన్నా, ఏమైంది?"

"నీ పని నువ్వు చూసుకో." బావమరిది వైపు తిరిగాడు. "ఆ పొడి మానెయ్."

బావమరిది ముందు నవ్వాడు. విన్నకొద్దీ నవ్వు తగ్గింది. చివరికి కుర్చీలోంచి లేచాడు.

"బావా, మన బోరు నీళ్ళలో సున్నం ఎంతుందో నీకు తెలుసా? నీళ్ళు కాస్తే గిన్నె అడుగున తెల్లటి పెచ్చు కడుతుంది. ఆ సున్నాన్ని పట్టి ఉంచేది ఈ పొడే. ఇది తీసేస్తే ఆ సున్నమూ మురికీ బట్టకే అంటుకుంటాయి. దుప్పట్లు బూడిదరంగుకు వస్తాయి. ఆసుపత్రివాళ్ళు మర్నాడే వేరే లాండ్రీ చూసుకుంటారు. ఇదిగో, వీళ్ళందరూ ఇంటికి పోతారు. నీ కూతురు కూడా."

"దాని పని పోతే పోతుంది."

"నాన్నా!" అంది కూతురు.

"మాటలెందుకు," అన్నాడు బావమరిది, బల్ల దగ్గరివాళ్ళకు వినబడేలా. "నువ్వు ఒకే ఒక్క దుప్పటి ఉతికి తే. మన నీళ్ళతో, ఆ పొడి లేకుండా. నాదొకటి పక్కన ఆరేస్తాను. ఆసుపత్రి పెద్ద నర్సు చూసి సరేనంటే నేను మానేస్తాను. నీ చొక్కా చూస్తే మాత్రం ఆవిడ సరేనంటుందని నాకు నమ్మకం లేదు."

ఆడవాళ్ళు పకపకా నవ్వారు. నవ్వరా మరి? ముల్లు చొక్కా ఒకప్పుడు తెల్లది. భార్య పోయాక కూతురి మీద భారం పడకుండా తన బట్టలు తనే జాడించుకుంటున్నాడు. జాడించడం అంటే నీళ్ళలో ముంచి తియ్యడం.

"దుప్పటి ఇవ్వు," అన్నాడు ముల్లు.

ఇంటి వెనక రాతి పలక మీద మొదలుపెట్టాడు. సబ్బు రుద్దాడు, బాదాడు, పిండాడు. సబ్బు ఎంత రుద్దినా నురగ రాదు. విరిగిన పాలలా తరకలు తరకలుగా తేలి బట్టకే అంటుకుంది. ఆరాక చూస్తే దుప్పటి తెచ్చినప్పటికన్నా నల్లబడింది. మళ్ళీ ఉతికాడు. సబ్బు ఎక్కువ వేశాడు, ఇంకా చెడింది. అరచేతులు పగిలి మండాయి. తాడు లాగీ లాగీ బండబారిన చేతులు దుప్పటి దగ్గర ఓడిపోయాయి.

వడ్రంగి దడి మీంచి తొంగిచూశాడు. "ఏం పడుతున్నావు? వల వేసి పట్టు, దొరుకుతుందేమో తెలుపు."

"నీ నోరు చెక్కుకోవడానికి ఉలి తెచ్చుకోలేదా?"

"నీ బావమరిదిని అడుగు, కాస్త పొడి పెడతాడు," అని అతను నవ్వుకుంటూ పోయాడు.

సాయంత్రం కూతురు వచ్చేసరికి తండ్రి దుప్పటి ముందు గొంతుక్కూర్చుని ఉన్నాడు. ఆమె కొంగుతో మొహం తుడుచుకుంది. లాండ్రీలో అన్న మాటకు కోపం ఇంకా చల్లారలేదు.

"నా పని పోతే పోతుందన్నావు కదా. ఇప్పుడు నీ పని ఎలా ఉంది?"

ముల్లు దుప్పటిని మళ్ళీ నీళ్ళలో పెట్టాడు.

"ఇంకా ఉతుకుతావా?"

"తెల్లబడేదాకా."

ఆ మాటకు ఆమెలో కోపం కాస్త సడలింది. పక్కన కూర్చుని నీళ్ళలో వేళ్ళు ఆడించింది. "అమ్మ ఇలా ఉతికేది కాదు నాన్నా. పచ్చి బోరు నీళ్ళు బట్టకు తగలనిచ్చేది కాదు. అమ్మ తొట్టి ఏది?"

తొట్టి పెరటి మూల చిరిగిన వలల కింద ఉంది. ఆవిడ ఉన్నన్నాళ్ళూ అది నడిచే దారికి అడ్డంగా ఉండేది. అతని మోకాలు దానికి తగలని రోజు లేదు. "ఈ మురికి తొట్టి ఒలకబోసి తీసెయ్," అని అరిచేవాడు. ఆవిడ ఒలకబోసేది కాదు. సాయంత్రం బోరు నీళ్ళు నింపి, గుప్పెడు బట్టల సోడా వేసి, కర్రతో కలిపి మూత పెట్టేది. తెల్లారేదాకా ఎవరినీ ముట్టనిచ్చేది కాదు. అడుగున తెల్లటి బురద పేరుకునేది. దాన్ని మురికి అనుకున్నాడే గానీ, అది నీళ్ళలోంచి దిగిన సున్నమని అతనికి ఎన్నడూ తట్టలేదు. ఆవిడ ఎందుకు చేస్తోందని ఒక్కసారీ అడగలేదు. అతను అడిగే మనిషి కాదు, ఆవిడ అడగకుండా చెప్పే మనిషి కాదు.

"సోడాకు సున్నం అడుగుకు దిగిపోతుంది," అంది కూతురు. "పైన తేటనీళ్ళు మిగులుతాయి. వాటితో ఉతికితే మామూలు సబ్బు చాలు. అమ్మ అక్కడ కూడా అంతే చేసేది."

"ఎక్కడ?"

"లాండ్రీలో. వెనక రెండు సిమెంటు తొట్లు ఉండేవిగా, అమ్మ కట్టించినవి. ఆసుపత్రి దుప్పట్లన్నీ ఆ నీళ్ళతోనే వెళ్ళేవి. ఆ తర్వాత కొత్త మెషిను పెట్టడానికి చోటు చాల్లేదని మామయ్య పగలగొట్టించాడు."

"ఎప్పుడు?"

కూతురు నీళ్ళలోంచి చెయ్యి తీసింది. "అమ్మ పోయిన నెలకే."

బావమరిది తెలియక చేశాడనుకోవడానికి ముల్లుకు ఇన్నాళ్ళూ ఒక సందు ఉండేది. ఆ సందు కూడా మూసుకుపోయింది. బావమరిదికి దారి తెలుసు. రోజూ కళ్ళెదుట చూశాడు. చూసినవాడే పగలగొట్టాడు.

ముల్లు లేచి వలలు అవతల పారేసి తొట్టి ఈడ్చుకొచ్చాడు.

మొదటిసారి తొందరపడ్డాడు. నీళ్ళు తోడేటప్పుడు చెంబు అడుగుకంటా ముంచేసరికి తెల్లబురద అంతా లేచి కలిసిపోయింది. రెండోసారి జాగ్రత్తగా పైపైన తోడాడు. ఉతికాడు. ఆ నీళ్ళలో సబ్బు నురగ చూసి అతనికే ఆశ్చర్యం వేసింది. ఆ ఊపులో బోరు నీళ్ళతో జాడించేశాడు. ఎండలో దుప్పటి మళ్ళీ మసకబారింది. కూతురు తల కొట్టుకుంది.

"జాడించేది కూడా తేటనీళ్ళతోనే నాన్నా! ఉతికిందంతా కాలవలో కలిపావు."

"మొదటే చెప్పచ్చుగా."

"ఇది కూడా చెప్పాల్సొస్తుందనుకోలేదు. మాకందరికీ పుట్టుకతో తెలిసినట్టే ఉంటుంది మరి."

మూడోసారి ఆరిన దుప్పటిని తాడు మీంచి తీసి ముల్లు వెలుతురులో పట్టుకున్నాడు. మడత పెట్టడం రాక కూతురి చేతికిచ్చాడు.

పెద్ద నర్సు లాండ్రీకి వచ్చిన రోజు ఎండ బాగా కాసింది. లావుపాటి మనిషి, బూట్లు టకటకలాడించుకుంటూ నడుస్తుంది. వెనక ఖాళీస్థలంలో ఒకే తాడు మీద రెండు దుప్పట్లు. ఏది ఎవరిదో ఆవిడకు చెప్పలేదు. బల్ల దగ్గరి ఆడవాళ్ళంతా పని వదిలేసి గోడ పక్కన చేరారు. నీళ్ళ పరీక్షలావిడ కూడా కబురందుకుని వచ్చి ఒక పక్కగా నిలబడింది.

పెద్ద నర్సు రెంటినీ ఎండకు అడ్డం పట్టి చూసింది. మొహానికి దగ్గరగా తెచ్చుకుని వాసన చూసింది. చెంపకు ఆనించింది.

"ఇది కొంచెం తెలుపు," అంది ఎడమది చూపించి.

అది బావమరిది ఉతికింది. అతని మొహం వెలిగిపోయింది. "అదీ సంగతి! విన్నావుగా బావా."

"నా మాట పూర్తి కానివ్వండి," అంది పెద్ద నర్సు. "తెలుపు కొంచెం ఎక్కువ, అంతే. రోగులు దీని మీద పడుకుంటారు గానీ ఫోటోలు దిగరు కదా. రెండూ శుభ్రంగానే ఉన్నాయి. ఈ కుడిది మెత్తగా కూడా ఉంది. పుళ్ళు పడ్డ వీపులకు ఇలాంటిదే కావాలి. మూడు నాలుగేళ్ళ కిందట మీ దగ్గర్నుంచి ఇలాంటివే వచ్చేవి. తర్వాత ఎందుకో గరుకెక్కాయి. మరిగే నీళ్ళలో ఉడికించడం మాత్రం మానకూడదు. మిగతాది మీ ఇష్టం, నాకు కుడిది సరే."

బావమరిది కుడి దుప్పటి కొస పట్టుకుని చూపించాడు. "మేడమ్, ఒక్క దుప్పటి వేరు, బండెడు దుప్పట్లు వేరు. నీళ్ళు తేరేదాకా కూర్చుంటే మెషిన్లు ఆగిపోతాయి."

"ఆగవు మామయ్యా," అంది కూతురు.

అందరూ ఆమె వైపు తిరిగారు. ఆమె గోడ దగ్గర్నుంచి ముందుకు వచ్చింది. "సాయంత్రం మనం పోయేటప్పుడు తొట్లు నింపి సోడా కలిపి పోతే పొద్దున్నకు తేరుకుంటాయి. మెషిన్లు పైన తేటనీళ్ళే లాక్కుంటాయి. పెద్ద తొట్లు కావాలి, అంతే. చోటుంది. ఇదిగో, మనం నిలబడ్డదే."

"నువ్వు నా దగ్గర పనిచేస్తున్నావా, మీ నాన్న దగ్గరా?"

"నీ దగ్గరే. అందుకే చెప్తున్నాను. మానేస్తానని మాటిచ్చావు, ఇంతమంది విన్నారు. తొట్లు కట్టించకపోతే రేపట్నుంచి నేను మెషిను ముట్టను."

"మేమూ ముట్టం," అంది గోడ పక్కనుంచి ఒకామె. వెంటనే ఇంకొకామె, "ఆ పొడికి నా వేళ్ళు చూడండి ఎలా పగిలాయో," అని చెయ్యి చాపింది. ముల్లు చొక్కా చూసి నవ్వినవాళ్ళే వాళ్ళంతా.

ముల్లు వచ్చి బావమరిది ఎదురుగా నిలబడ్డాడు.

"మీ అక్క తొట్లు ఎక్కడుండేవి?"

బావమరిది చూపు తెలియకుండానే మెషిను గది వైపు పోయింది. అక్కడ గచ్చు మీద రెండు చదరాల మేర సిమెంటు రంగు ఇప్పటికీ వేరుగా ఉంది.

"ఆర్డర్లు పెరిగాయి బావా. తొందర. అక్క ఉంటే ఆవిడే ఒప్పుకునేది..."

"దాని పేరు ఎత్తకు. తొట్లు కట్టు."

కట్టించాడు. ఆసుపత్రి పని వదులుకోలేడు, అందరూ ఒకేసారి చేతులు కట్టుకుంటే మెషిన్లు తిప్పుకోనూ లేడు. అక్క కట్టించిన వాటికన్నా పెద్దవి కట్టించాడు. అడుగున దిగిన సున్నం గీకి చెరువుకు దూరంగా గొయ్యి తీసి వెయ్యాలని నీళ్ళ పరీక్షలావిడ చెప్పింది, అలాగే వేస్తున్నారు. కాలువలో మళ్ళీ సబ్బు నురగ పారింది. వీధివాళ్ళు మళ్ళీ గొడవకు దిగారు. చెరువు మళ్ళీ పాడైపోతోందని వడ్రంగి అందరికన్నా గట్టిగా అరిచాడు. నీళ్ళ పరీక్షలావిడ కాలువ గట్టున నిలబడి అందరికీ చెప్పేసరికి తాతలు దిగొచ్చారు.

ఆ ఏడు చెరువు బాగుపడలేదు. తిన్నది అడుగు బురదలో దాచుకుందని, కొన్నేళ్ళ పాటు కొంచెం కొంచెంగా కక్కుతూనే ఉంటుందని ఆవిడ చెప్పింది. కొత్తది పడకపోతే ఎప్పటికైనా తేరుకుంటుందట. ముల్లు రోజూ పొద్దున్నే సీసపు గుండు కట్టిన తాడు కాలువ మూలలో దించి, అది ఎక్కడ కనుమరుగవుతుందో చూసుకుంటాడు. రెండో వేసవికి పాచి వచ్చింది గానీ తెట్టు కట్టలేదు. చేపలు తేలలేదు. గుండు ఇదివరకటి కన్నా కొంచెం లోతు దాకా కనబడింది. అతను దాన్ని చూసి తల పంకించాడు. ఎవరికీ చెప్పలేదు.

అదే వేసవిలో ఒకరోజు బావమరిది చెరువు గట్టుకు వచ్చాడు. ఇస్త్రీ చొక్కా, చేతిలో ఏదో పొట్లం. లాండ్రీ ముందు అతను పెద్ద బోర్డు పెట్టించాడు, చెరువును కాపాడే లాండ్రీ తమదేనని. నీళ్ళ ఆఫీసువాళ్ళు సభ పెడుతున్నారట. బావా బావమరుదులు ఇద్దరూ వేదిక ఎక్కాలట.

"నువ్వో నాలుగు ముక్కలు మాట్లాడితే చాలు బావా. ఎలా మొదలైందీ, ఎలా కలిసి చేశామూ. అక్క పేరు కూడా చెబుదాం. జరిగిందేదో జరిగింది. ఇంకా మనసులో పెట్టుకోకు."

ముల్లు పడవ తాడు విప్పుతున్నాడు. కూతురు గట్టు మీద తట్ట పట్టుకుని నిలబడి ఇద్దరినీ మార్చి మార్చి చూసింది.

"తొట్లు రోజూ నింపుతున్నావా?"

"నింపుతున్నాం. అమ్మాయినడుగు."

"నింపు. ఒక్కరోజు మానినా నాకు తెలుస్తుంది. నా గుండు చెబుతుంది."

"సరే బావా. మరి సభకూ..."

"నువ్వెక్కు. నాకు పనుంది."

పొట్లం అలాగే చేతిలో పట్టుకుని బావమరిది వెనక్కి నడిచాడు. అతను మలుపు తిరిగేదాకా చూసి, కూతురు మెల్లగా అడిగింది. "మామయ్యను క్షమించకపోతే పోయావు. అమ్మ చేసిందైనా నలుగురికీ చెప్పచ్చుగా నాన్నా. ఆ తొట్టి గురించి అమ్మనెప్పుడూ అడగలేదని బాధా?"

ముల్లు పడవను నీళ్ళలోకి నెట్టి ఎక్కాడు. తెడ్డు అందుకున్నాడు.

"నీళ్ళు తేరుతున్నాయి. నాకది చాలు. వాడి సంగతీ, ఆ తొట్ల సంగతీ ఈ రోజుతో సరి. నేనిక ఎత్తను. నువ్వూ నా దగ్గర ఎత్తకు."

తెడ్డు వేశాడు. ఆ తర్వాత ఎవరెన్ని విధాల అడిగినా ఆ మాట అతని నోట రాలేదు. రాదు కూడా.